తెర మీద ఇంటిపేర్లు

విజయవాడలో పెళ్ళికి వెళ్ళినా పేరంటానికి వెళ్ళినా పెద్దవాళ్ళు నన్ను అడిగే మొదటి మాట "నువ్వు ఎవరి అమ్మాయివమ్మా?" అన్నదే. ఆ తరువాత ఊరు అడుగుతారు, ఇంటిపేరు అడుగుతారు. ఆ మూడు జవాబులతో నా కులమూ చుట్టరికాలూ వారికి తెలిసిపోతాయి కనుక నేను ఏం చేస్తున్నానో అడగవలసిన అవసరం ఇక ఉండదు. ఆ అడగడంలో ఆప్యాయత కూడా ఉంది, అందుకే నాకు కోపం రాదు. కానీ నాలుగేళ్ళ క్రితం ఒక ప్రదర్శన కరపత్రంలో నిర్వాహకులు నన్ను సంప్రదించకుండానే నా పుట్టింటి ఇంటిపేరు తీసివేసి అత్తవారి ఇంటిపేరు అచ్చు వేయించినప్పుడు, ఆ కాగితం మీద ఉన్నది మరెవరో అనిపించింది. నా నాట్యం, నా బొమ్మలు, నా రాతలు అప్పటి నుంచి ఆ ఒక్క ప్రశ్న దగ్గరే ఉన్నాయి.

చిన్నతనంలో నేను గుంటూరులో కూచిపూడి నేర్చుకున్నాను. సిద్ధేంద్రయోగి రచనగా సంప్రదాయం చెప్పే భామాకలాపం అనే నృత్యనాటకంలో సత్యభామ తెర వెనుక నిలబడి, జడను తెర మీదుగా ఇవతలికి వేసి, తాను ఎవరో ప్రవేశ దరువులో, అంటే పాత్ర రంగం మీదికి వచ్చే పాటలో, తానే చెప్పుకుంటుంది. ఆ జడ ఒక సవాలు: విద్యలో తనను ఓడించగలవారు ఉంటే దానిని కోయవచ్చునని. అయితే తరతరాలుగా ఆ జడ వేసుకున్నవారు పురుషులే. వేదాంతం సత్యనారాయణశర్మ గారు (1935–2012) సత్యభామగానే పేరుపొంది 1970లో పద్మశ్రీ అందుకున్నారు. 1902లో బాపట్లలో పుట్టిన స్థానం నరసింహారావు గారు నాటకరంగం మీద అదే సత్యభామను ధరించి మెప్పించారు. ఆయనకు 1956లోనే పద్మశ్రీ వచ్చింది. నా గురువు గారు కూడా యౌవనంలో స్త్రీవేషాలు కట్టినవారే. జడను భుజం మీదుగా ముందుకు తెచ్చుకోవడం, అలిగి మొహం తిప్పుకోవడం, సిగ్గుపడుతూ కాలి బొటనవేలితో నేల రాయడం, ఇవన్నీ ఆయన దేహం నుంచి నా దేహంలోకి వచ్చాయి. ఆడదానిలా నడవడం నేను ఒక మగవారిని చూసి నేర్చుకున్నానన్న సంగతి నాకు 30 ఏళ్ళు దాటిన తరువాత గాని తట్టలేదు. తట్టిన తరువాత కొన్ని నెలలు అద్దం ముందు సాధన సాగలేదు. నాదనుకున్న నడకలో నాది ఎంత, ఆయనది ఎంత, ఆయన తన ఇంట్లో ఏ తల్లిని, ఏ అక్కను చూసి పట్టుకున్నది ఎంత అన్నది తేల్చడానికి నాట్యం ఒక్కటే నాకు చాలలేదు.

అందుకని తెర మీద పని మొదలుపెట్టాను. ప్రవేశ దరువుకు ఇద్దరు చెరోవైపు పట్టుకునే తెర కోసం నూలు గుడ్డ తీసుకుని, మా ఇంటి ఆడవాళ్ళు పెళ్ళితో వదిలేసుకున్న పుట్టింటి ఇంటిపేర్లను దాని మీద ఎర్రరంగుతో, కుంచెతో రాశాను. వాటి మీదుగా వేసే జడలో అమ్మమ్మ సవరం ఉంటుంది. దువ్వెనకు వచ్చిన వెంట్రుకలను అమ్మమ్మ వేలికి చుట్టి గోడ సందులో దాచిపెట్టి, సవరాలు కట్టేవారు వీధిలోకి వచ్చినప్పుడు వాటితోనే కట్టించుకుంది. అది నా జుట్టు కంటే కొంచెం గోధుమరంగులో ఉంటుంది. రంగు వేయించమని కొందరు సలహా ఇచ్చారు గాని నేను ఒప్పుకోలేదు.

ఒకే మనిషి ఇన్ని పనులు పెట్టుకోవడం ఏమిటని అడిగేవారికి నేను తుమ్మపూడి సంజీవదేవ్ గారిని (1914–1999) గుర్తు చేస్తాను. ఆయన బొమ్మలు వేశారు, వ్యాసాలు రాశారు, ఒకదాని కోసం రెండోదాన్ని వదులుకోలేదు.

నాకు అన్నిటికంటే కష్టమైనది రాయడం. భర్త పేరు చెప్పమని చెలికత్తె మాధవి ఎంత పట్టుబట్టినా సత్యభామ సిగ్గుతో చెప్పలేక తప్పించుకుంటుంది. అంతటి గర్వంతో ప్రవేశించిన మనిషే తరువాత కృష్ణునికి వేడుకోలుగా లేఖ రాస్తుంది. దరువులో పలికిన మనిషి, లేఖలో పలికిన మనిషి ఒకరు కారని నాకు అనిపిస్తుంది, ఇద్దరూ నిజమేనని కూడా అనిపిస్తుంది. గుంటూరు దగ్గర పొన్నెకల్లులో పుట్టిన బుర్రకథ నాజర్ గారి ఆత్మకథ పేరు "పింజారి". తిట్టుగా వాడే తన కులం మాటనే ఆయన జీవితకథ అట్ట మీద చూసినప్పుడల్లా, "నువ్వెవరు?" అన్న ప్రశ్నకు వేదిక మీద ఇచ్చే జవాబు వేరు, కాగితం మీద ఇచ్చే జవాబు వేరు అని నాకు అర్థమవుతుంది. వేదిక మీద తప్పు పలికితే తరువాతి జతి దానిని కప్పేస్తుంది. కాగితం మీద అది అలాగే ఉండిపోతుంది.

తెర మీద ఒకచోట ఖాళీ ఉంది. అమ్మమ్మ తల్లి గారి పుట్టింటి ఇంటిపేరు ఇంట్లో ఎవరికీ గుర్తులేదు. ఆమె పేరు కూడా "పెద్దమ్మ" అన్న పిలుపు వెనుక ఎక్కడో పోయింది. లేఖా ఘట్టంలో నేను చదవవలసిన ఉత్తరం ఆమెకే. ఇప్పటికి 11 సార్లు తిరగరాశాను, లోపలి విషయం కుదిరింది గాని పైన సంబోధన దగ్గర కలం ఆగిపోతోంది. రేపు ఉదయం 6 గంటలకు మళ్ళీ సాధన ఉంది. అప్పటికి ఏమీ తోచకపోతే ఆ మొదటి పంక్తిని చదవకుండా, ఆ ఖాళీ ఉన్న చోట జడ వేసి అభినయం మొదలుపెట్టి చూస్తాను.