చార్జి మెమోకు ముందు గడిచిపోయే ఏళ్ళు

నేను పనిచేసిన జిల్లా కార్యాలయంలో క్రమశిక్షణ చర్యల ఫైళ్ళకు విడిగా ఒక బీరువా ఉండేది. సూపరింటెండెంటుగా ఆ సెక్షను బాధ్యత తీసుకున్న రోజున ఫైళ్ళన్నీ నమోదయ్యే పర్సనల్ రిజిస్టరు తెరిచి చూస్తే, అన్నిటికన్నా పాత ఫైలు తొమ్మిదేళ్ళ నాటిది. స్టాకు రిజిస్టరులో ఉన్నంత సరుకు గోదాములో లేదన్న ఫిర్యాదు మీద ప్రాథమిక విచారణ జరిగి, నివేదిక కూడా వచ్చి, తొమ్మిదేళ్ళు గడిచినా ఆ స్టోర్ కీపరు గారికి చార్జి మెమో, అంటే ఆయన మీది అభియోగాలు తెలిపే పత్రం, అందలేదు. నోట్ ఫైలు తిరగేస్తే పేజీ పేజీకీ ఒకటే వాక్యం కనిపించింది: ‘పై కార్యాలయానికి రిమైండరు పంపవచ్చును’. తర్వాతి రెండేళ్ళలో ఆ వాక్యాన్ని నేనూ నాలుగుసార్లు రాశాను. ఆ బాధ ఇప్పటికీ నన్ను వదలలేదు; ఇది రాయడానికి కారణమూ అదే.

1991 నాటి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వోద్యోగుల వర్గీకరణ, నియంత్రణ, అప్పీలు (సిసిఎ) నియమావళిలో, పెద్ద శిక్షలకు పాటించవలసిన పద్ధతిని 20వ నిబంధన చెబుతుంది. అభియోగాలు, వాటి వివరణ, ఆధారపడే పత్రాల జాబితా, సాక్షుల జాబితా ఉద్యోగికి ఇవ్వాలి. ఆయన జవాబు తీసుకోవాలి. విచారణాధికారిని, ప్రభుత్వం తరఫున కేసు వినిపించే ప్రెజెంటింగ్ ఆఫీసరును నియమించాలి. నివేదిక ప్రతిని ఇచ్చి ఆయన చెప్పుకునేది వినాలి. విచారణ లేకుండా ఉద్యోగం నుంచి తొలగించకూడదని రాజ్యాంగం 311వ అధికరణం ఇచ్చిన రక్షణకు ఈ మెట్లన్నీ అవసరమే, వీటిలో ఒక్కటి తగ్గించాలని కూడా నేను అనను. కాలం హరించుకుపోయేది ఈ మెట్ల మీద కాదు, మెట్టుకూ మెట్టుకూ మధ్య. నేను చూసిన ఫైళ్ళలో సాక్షులను విచారించిన రోజులు లెక్కపెడితే పది కూడా ఉండేవి కావు. మిగిలిన ఏళ్ళన్నీ విచారణాధికారి బదిలీ అయ్యారనో, అసలు రికార్డు దొరకలేదనో, పైనుంచి స్పష్టత రావాలనో గడిచిపోయినవే.

అన్నిటికన్నా అన్యాయమైనది చార్జి మెమోకు ముందు జరిగే జాప్యం. అప్పటికి ఉద్యోగి చేతిలో జవాబు చెప్పడానికి ఒక్క కాగితమూ ఉండదు, తన మీద ఏమి రాశారో కూడా తెలియదు.

దీనిపై సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పుల్లో ఒకటి మన హైదరాబాదు నగరపాలక సంస్థ అధికారికి సంబంధించినదే. అక్రమ కట్టడాల విషయంలో అవినీతి నిరోధక శాఖ నివేదిక 1987 నవంబరులో వస్తే, 1995 జూలైలో చార్జి మెమో ఇచ్చారు. పరిపాలనా ట్రిబ్యునలు ఆ మెమోను కొట్టివేసింది. రాష్ట్ర ప్రభుత్వం అప్పీలుకు వెళితే సుప్రీంకోర్టు 1998లో దాన్ని తిరస్కరించింది. జాప్యానికి ఉద్యోగి కారకుడు కాడనీ, ప్రభుత్వం సరైన కారణం చూపలేకపోయిందనీ చెబుతూనే, ఇన్నేళ్ళు దాటితే చర్య చెల్లదని ఒకే కొలబద్ద పెట్టలేమనీ, ప్రతి కేసులోనూ నిజాయితీగల పరిపాలన అవసరాన్నీ ఉద్యోగికి కలిగే నష్టాన్నీ పక్కపక్కన పెట్టి తూచాలనీ కోర్టు వివరించింది. అంతకుముందు 1990లో మధ్యప్రదేశ్ కేసులో, 1975-76 నాటి ఘటనల మీద 1987లో మొదలుపెట్టిన చర్యను కూడా న్యాయస్థానం నిలవనివ్వలేదు.

ఈ తీర్పులను చూసి, జాప్యం చేయించుకుంటే చాలు తప్పించుకోవచ్చని అనుకునేవారూ ఉన్నారు. వారిని నేను సమర్థించను. కేవలం ఆలస్యం జరిగిందన్న ఒక్క కారణంతో అభియోగాలను రద్దు చేయనవసరం లేదని 2012లో సుప్రీంకోర్టే చెప్పింది, అది సబబే. కానీ నిజంగా తప్పు చేసినవాడికి మేలు చేసేదీ ఈ ఆలస్యమే: సాక్షులు పదవీ విరమణ చేస్తారు, కొందరు కన్నుమూస్తారు, రిజిస్టర్లు చెదలు పడతాయి. నష్టపోయేది నిర్దోషి. పదోన్నతుల జాబితాలో ఆయన పేరు ప్రతి ఏటా పక్కన పెడతారు. తనకన్నా చిన్నవారి కింద పనిచేయవలసి వస్తుంది. సస్పెన్షనులో ఉంటే మొదటి నెలల్లో దాదాపు సగం జీతంతోనే ఇల్లు గడపాలి. పదవీ విరమణ చేసినా విడుదల ఉండదు, తుది ఉత్తర్వులు వచ్చేదాకా తాత్కాలిక పెన్షనే గతి, గ్రాట్యుటీ ఆగిపోతుంది. విరమణ తర్వాత కొత్తగా చర్య మొదలుపెట్టాలంటే నాలుగేళ్ళకు మించి పాతబడిన ఘటన పనికిరాదని 1980 నాటి పెన్షన్ నియమాలు చెబుతాయి కనుక, ఏళ్ళ తరబడి కదలని ఫైలును విరమణ రోజు మధ్యాహ్నం హడావిడిగా కదిలించి మెమో చేతిలో పెట్టడం నేను కళ్ళారా చూశాను.

శాఖాపరమైన విచారణను వీలైతే ఆరు నెలల్లో, గరిష్ఠంగా ఏడాదిలో ముగించాలని 2015లో సుప్రీంకోర్టు చెప్పింది. గడువులు పెట్టిన ఉత్తర్వులకు మన సచివాలయంలోనూ కొదవ లేదు. లేనిదల్లా, గడువు దాటించిన వారిని కారణం అడిగే ఏర్పాటు. ఫైలు ఒక బల్ల మీద నెల దాటి ఆగితే, ఎందుకు ఆగిందో ఆ బల్ల దగ్గరున్న అధికారి పేరుతో సహా నోట్ ఫైలులో రాసి తీరాలన్న నియమం ఉంటే, ఆ ప్రతిని ఉద్యోగికి కూడా ఇవ్వాలన్న షరతు ఉంటే, నేను రాసిన ఆ నాలుగు రిమైండర్లు అంత తేలికగా రాసి ఉండేవాడిని కాను.

ఆ స్టోర్ కీపరు గారికి చార్జి మెమో పదకొండో ఏట వచ్చింది. పాత స్టాకు రిజిస్టరు చూపించమని ఆయన అడిగితే, అది లభ్యం కాలేదని కార్యాలయం జవాబిచ్చింది. ఆ జవాబు చిత్తుప్రతి రాసింది నేనే. అభియోగాలు రుజువు కాలేదని తుది ఉత్తర్వు వెలువడేసరికి ఆయన విరమణ చేసి మూడేళ్ళయింది. ప్రతి అందజేయడానికి ఇంటికి వెళ్ళాను. ఆయన చదువుకుని, సంతకం పెట్టి, “తేదీ కూడా వేయాలా సార్?” అని అడిగారు.