స్టోక్ ఫీల్డ్, పెద్దాడి వర్క్‌షీట్

రాత్రి పదకొండు దాటింది. ఆయన పడుకున్నారు, అత్తయ్యగారి గదిలో లైటు కూడా ఆరింది. నాకే నిద్ర పట్టడం లేదు. వార్స్ ఆఫ్ ది రోజెస్ అంటే ఇంగ్లండ్ సింహాసనం కోసం ఒకే రాజవంశంలోని రెండు శాఖలు చేసుకున్న యుద్ధాలు. "వార్స్ ఆఫ్ ది రోజెస్‌లో చివరి యుద్ధం ఏది?" అన్న ప్రశ్నకి పెద్దాడు "స్టోక్ ఫీల్డ్, 1487" అని రాశాడు. స్కూల్లో దాన్ని ఎర్ర ఇంకుతో కొట్టేసి "బాస్‌వర్త్, 1485" అని దిద్ది పంపారు. వాడు పట్టించుకోలేదు. నాకు మాత్రం సాయంత్రం నుంచి ఒళ్లు మండుతూనే ఉంది.

ఆ స్టోక్ యుద్ధం జరిగిన ఈస్ట్ స్టోక్ మనకి ఎంత దూరమని! నాటింగ్‌హామ్ నుంచి న్యూఆర్క్ వెళ్లే దారిలోనేగా. వేసవిలో వాడే పట్టుబట్టి తీసుకెళ్లాడు. బాస్‌వర్త్‌కి మ్యూజియం ఉంది, చూడ్డానికి బస్సులేసుకుని వస్తారు. ఇక్కడ పొలాలు, ఓ చర్చి, ట్రెంట్ నది వైపు దిగే చెట్ల లోయ, అంతే. ఆ లోయని రెడ్ గట్టర్ అంటారు. ఓడి పారిపోతున్నవాళ్లని అందులోకి తరిమి నరికారట.

బాస్‌వర్త్‌లో మూడో రిచర్డ్ చనిపోయాడు, ఏడో హెన్రీ రాజయ్యాడు, గొడవ తీరిపోయింది అన్నట్టే పుస్తకాలు చెప్తాయి. తీరితే రెండేళ్లు కూడా తిరక్కుండా మళ్లీ సైన్యాలెందుకు దిగుతాయి? రిచర్డ్ అక్క, బర్గండీ డచెస్ మార్గరెట్, హెన్రీ మీదికి రెండు వేలమంది జర్మన్ కూలి సైనికుల్ని పంపింది. రిచర్డ్ మేనల్లుడు లింకన్ ప్రభువు వాళ్లతో కలిశాడు. లాంబర్ట్ సిమ్నెల్ అనే పదేళ్ల పిల్లాడిని తెచ్చి, వీడే రాజవంశపు వారసుడు వారిక్ అని చెప్పి, 1487 మే 24న ఐర్లండ్‌లో, డబ్లిన్ చర్చిలో కిరీటం పెట్టారు. జూన్ 16న స్టోక్‌లో మూడు గంటల్లో అంతా అయిపోయింది. కవచాలు కూడా లేని ఐర్లండ్ కుర్రాళ్లు బాణాలకి గుంపులు గుంపులుగా పడిపోయారు. లింకన్ పోయాడు, జర్మన్ల నాయకుడు ష్వార్ట్జ్ పోయాడు. పిల్లాడు దొరికిపోయాడు. హెన్రీ వాడిని చంపలేదు. వంటింట్లో మాంసం కాల్చే చువ్వ తిప్పే పనిలో పెట్టాడు.

భోజనాల దగ్గర ఇదంతా చెప్తే ఆయన "చంపకుండా వదిలేశాడు కదా, మంచి రాజే" అన్నారు. నాకు చిర్రెత్తుకొచ్చింది. మంచితనమా అది? ఐర్లండ్ ప్రభువులు లండన్ వచ్చినప్పుడు, వాళ్లు కిరీటం పెట్టిన ఆ పిల్లాడి చేతే హెన్రీ వాళ్లకి వైన్ పోయించాడని ఓ కథ చెప్తారు.

ఆ కథ వింటే నాకు మా ఊరి హైస్కూలే గుర్తొస్తుంది. ఆగస్టు 15కి నాటకం. బస్టాండు టీకొట్టాయన కొడుక్కి కృష్ణదేవరాయల వేషం ఇచ్చారు, గొంతు ఖంగుమని మోగేదని. అట్టకి బంగారు కాగితం అతికించి కిరీటం చేశారు. వాడు సభలో నిలబడి పద్యం అందుకుంటే వెనక బెంచీల అల్లరి కూడా ఆగిపోయింది. నాటకం అవ్వగానే అతిథులకి టీ పట్టుకురమ్మన్నారు, వాడినే. కాటుక మీసం అలాగే ఉంది, తీగల స్టాండులో గ్లాసులు. వేదిక మీద పెద్దమనిషి ఒకాయన "ఏరా రాయలూ, పంచదార తక్కువైందేం?" అన్నాడు. అందరూ నవ్వారు. వాడు ఖాళీ గ్లాసు కోసం చెయ్యి చాపుకుని అలాగే నిలబడ్డాడు. ఆ పెద్దమనిషి మీద నాకు ఇప్పటికీ కోపమే.

కానీ ఇంత రాశాక, భోజనాల దగ్గర మా ఆయనన్న మాట మళ్లీ మెదులుతోంది. అసలు వారిక్ సంగతేమిటి? వాడూ పదేళ్లవాడే. హెన్రీ గెలిచిన వెంటనే పట్టి లండన్ టవర్ అనే కోటలో ఖైదు చేయించాడు. పిల్లాడు అక్కడే పెద్దవాడయ్యాడు. 1499లో, ఇరవై నాలుగేళ్ల వయసులో, తల తీయించాడు. నిజం వారసుడు కావడమే వాడు చేసిన నేరం. సిమ్నెల్‌కైతే పొయ్యి దగ్గర వెచ్చదనం దక్కింది, తిండి దక్కింది, తర్వాత రాజుగారి డేగల్ని చూసుకునే ఉద్యోగం కూడా వచ్చింది. ఏ తల్లినైనా అడగండి, టవర్ కంటే వంటిల్లే నయమంటుంది. సరే, ఆయన మాట సగం ఒప్పుకుంటాను. మంచి రాజు అని మాత్రం అనను.

తల్లి అంటే గుర్తొచ్చింది, నేను చదివినవాటిల్లో ఎక్కడా సిమ్నెల్ తల్లి ఊసే లేదు. తండ్రి ఆక్స్‌ఫర్డ్‌లో వడ్రంగి అని ఒకచోట, మరోటని మరోచోట ఉంది. చూడ్డానికి బాగున్నాడని పిల్లాడిని చేరదీసి, రాజకుమారుడిలా నడక, మాట నేర్పి, సముద్రం దాటించింది సైమన్స్ అనే మతగురువు. మతగురువు కాబట్టి ఉరి తప్పి, జీవితాంతం జైలు పడింది. వాడి మీద నాకు కాస్త కూడా జాలి లేదు.