అమ్మ ఫోన్‌లో లూడో ఆగిపోయిన రోజు

ఆదివారం. దోసెల పిండి పులిసి గిన్నె దాటింది, పనమ్మాయి రాలేదు, కరెంటు పోయి వచ్చింది. ఇవన్నీ మామూలే. రాసుకోవాల్సిన సంగతి అన్నాలయ్యాక మొదలైంది.

ఆ వేళ అమ్మకీ, నిజామాబాద్‌లో ఉండే పిన్నికీ లూడో టైం. 2020 లాక్‌డౌన్‌లో పట్టుకున్న అలవాటు. అప్పుడు ఏ ఇంట్లో చూసినా లూడో కింగే కదా. తర్వాత అందరూ మర్చిపోయారు కానీ వీళ్ళిద్దరూ మాత్రం వదల్లేదు. మధ్యలో ఏ ఆటకి మారారో, ఎవరు వేసిచ్చారో కూడా నాకు తెలీదు. ఇవాళ ఆట తెరవగానే కొత్త వెర్షన్ వచ్చింది, అప్‌డేట్ చేసుకోమని అడ్డంగా ఒక బోర్డు. నొక్కితే ప్లేస్టోర్‌కి తీసుకుపోయింది. అక్కడ 'పెండింగ్' అని చూపిస్తూ కదలకుండా కూర్చుంది.

"ఏందే ఇది, నిన్నటిదాకా బానే ఉంది గదా. నాకు కొత్తదొద్దు, నిన్నటిదే ఇయ్యమను."

నిన్నటిది ఎందుకివ్వరో చెప్పడానికి అష్టాచెమ్మా గుర్తుచేశాను. పిన్ని పెళ్ళయి అత్తారింటికి వెళ్ళొచ్చాక, ఒక్క కాయనైనా చంపకుండా లోపలి గళ్ళలోకి పోకూడదని కొత్త రూలు పట్టుకొచ్చింది. మా ఇంట్లో ఆ రూలు లేదు. అరుగు మీద గవ్వలు విసిరికొట్టి మరీ పోట్లాడుకున్నారు. ఏ రూలో తేల్చుకున్నాకే ఆట సాగింది. ఫోన్‌లోనూ అంతే, ఇద్దరి దగ్గరా ఒకే వెర్షన్ లేకపోతే పావులు ఎటు పోవాలో లెక్క కుదరదు. అమ్మకి ఇది వెంటనే అర్థమైంది. "అయితే దాని ఫోన్ల గూడా ఆగిపోయుంటది" అంది, కొంచెం తృప్తిగానే.

మావాడు సోఫాలోంచి లేవకుండానే వైద్యం చెప్పాడు. "అన్‌ఇన్‌స్టాల్ చేసి మళ్ళీ వేసేయ్ అమ్మమ్మా." ఈ సలహా ఎవరిచ్చినా ముందు ఆటలో ఎలా లాగిన్ అయ్యామో చూసుకోవాలి. అమ్మ గెస్ట్‌గా, అంటే ఏ ఖాతాతోనూ లాగిన్ కాకుండా ఆడుతోంది. గెస్ట్‌గా ఆడినవాళ్ళ నాణేలూ లెవెళ్ళూ చాలా ఆటల్లో ఆ ఫోన్‌నే అంటిపెట్టుకుని ఉంటాయి, ఆట తీసేస్తే వాటితోపాటే పోతాయి. అమ్మ ఇన్నేళ్ళుగా కూడబెట్టుకున్న నాణేలు! వాడి మాట వినగానే ఫోన్ గుండెలకి హత్తుకుంది.

నేను ప్లేస్టోర్ తెరిచి, పైన కుడిపక్క గుండ్రంగా ఉన్న ఫొటో నొక్కి, యాప్స్ మేనేజ్ చేసే చోటికి వెళ్ళాను. అప్‌డేట్ల కోసం చాంతాడంత క్యూ. బ్యాంకు యాప్, పంచాంగం, ఫొటోలకి పూలదండలు వేసే యాప్ ఒకటి, టార్చి యాప్ (ఫోన్‌లో టార్చి ఉండగా ఇదెందుకో), వీటన్నిటి వెనకాల ఎక్కడో లూడో. అన్నీ ఆపేసి లూడో ఒక్కటే నొక్కాను. ఈసారి పెండింగ్ పోయింది, 'స్థలం చాలదు' అని వచ్చింది. ఇదీ అసలు రోగం.

అమ్మది 32 జీబీ ఫోను. అందులో సిస్టమే బోలెడంత తినేస్తుంది. పైగా చిన్న అప్‌డేట్‌కైనా దాని సైజుకి మించి ఖాళీ కావాలి. కొత్తది దిగి, విప్పుకుని, సర్దుకునేదాకా పాతది అక్కడే ఉండాలి కదా. వాట్సాప్ సెట్టింగుల్లో స్టోరేజీ తెరిస్తే, ఎక్కువసార్లు ఫార్వర్డ్ అయినవన్నీ ఒకచోట పోగేసి చూపించింది. శుభోదయాలు, గులాబీలు, సాయిబాబాలు, మోకాళ్ళ నొప్పికి మెంతులు. ఒకే పెళ్ళి వీడియో వేర్వేరు గ్రూపుల్లోంచి వచ్చి పడి ఉంది. వాటిని తీసేస్తుంటే అమ్మ పక్కనే కాపలా. మందుల షీటు ఫొటోలు మాత్రం ముట్టుకోనివ్వలేదు. మెడికల్ షాపులో పేరు చెప్పలేక ఫొటో చూపిస్తుందట, అదీ నిజమే.

అప్పటికీ చాల్లేదు. పెద్ద ఫైళ్ళు వెతికితే అన్నిటికన్నా పైన ఒక వీడియో, జీబీలకి జీబీలు. తెరిస్తే చిమ్మచీకటి. బస్సులో హ్యాండ్‌బ్యాగులో ఉండగా ఏది నొక్కుకుందో ఏమో, ఫోన్ దానంతట అదే రికార్డు చేసుకుంటూ పోయింది. బొమ్మ లేదు, మాటలు మాత్రం శుభ్రంగా వినిపిస్తున్నాయి. కండక్టరు "చిల్లర తియ్యాలమ్మా" అంటున్నాడు. తర్వాత అమ్మ గొంతు, పిన్నితో. "ఏం జెప్తమే, ఫోన్ గురించి ఒక్కమాట అడిగితే కస్సుమంటది. బడిపిల్లలకైతే వందసార్లు జెప్తది, నాకు రెండోసారి జెప్పదు." బడిపిల్లలకి చెప్పేది నేనే. పిన్ని ఏదో సముదాయిస్తోంది. మావాడు సోఫాలోంచి లేచి వచ్చి మరీ విన్నాడు.

"తీసెయ్, తీసెయ్, అదెందుకు పనికిమాలింది" అని అమ్మ నా చేతిలోంచి ఫోన్ లాక్కోబోయింది. తీసేశాను. కస్సుమనలేదు కూడా. డిలీట్ చేసినా స్థలం పెరగకపోతే చెత్తబుట్ట చూడాలి. గ్యాలరీలో తీసేసినవి వెంటనే పోవు, చాలా ఫోన్లలో 30 రోజులు అక్కడే ఉంటాయి. బుట్ట ఖాళీ చేశాక లూడో నిమిషాల్లో దిగిపోయింది.

ఇదంతా దానంతట అదే జరగాల్సింది కదా అనుకుని ఆటో అప్‌డేట్ చూశాను. ఆన్‌లోనే ఉంది. మరి ఎందుకు జరగట్లేదు? మామూలుగా అయితే ప్లేస్టోర్ రోజుకోసారి కొత్తవి ఉన్నాయేమో చూసుకుని, ఫోన్ వైఫై మీద ఉండి, ఛార్జింగ్‌లో ఉండి, ఎవరూ వాడకుండా ఉన్నప్పుడు ఆ పని కానిస్తుంది. అంటే రాత్రిపూట. మా ఇంట్లో రాత్రి తొమ్మిదిన్నరకి రూటర్ స్విచ్ కట్టేసేది అమ్మే. పడుకుంటూ ఛార్జర్ పీకేసేదీ అమ్మే, పేలుతుందని భయం. పగలు ఛార్జింగ్ పెట్టినప్పుడైతే పక్కనే కూర్చుని భక్తి వీడియోలు చూస్తుంది. కరెంటు మిగిల్చి, డేటా మిగిల్చి, ఇల్లు కనిపెట్టుకునే మనిషికి ఆ మూడూ ఒక్కసారి ఎప్పుడు కుదరాలి! ఈ షరతులు పెట్టినవాళ్ళు మా అమ్మలాంటి మనుషుల్ని లెక్కలో వేసుకున్నట్టు లేరు. అమ్మలాంటివాళ్ళకి అప్‌డేట్ అంటే ఇంట్లో ఎవరో ఒకరు ఖాళీ అయ్యేదాకా, వాళ్ళ మొహం చూసి, సమయం చూసి అడగడం. నేను బడి నుంచి వచ్చి చెప్పులు విప్పేదాకా ఆగడం. రూటర్ ఇవాళ్టి నుంచి కట్టొద్దన్నాను. సరేనంది కానీ నమ్మకం లేదు.

మావాడి గొడవ ఇంకోటి. స్నేహితుడికి బీజీఎంఐ (పబ్జీకి మన దేశంలో వచ్చిన రూపం) కొత్త అప్‌డేట్ వచ్చిందట, వీడికి రాలేదట. అప్‌డేట్‌లు అందరికీ ఒక్కసారే వదలరు, ముందు కొందరికి ఇచ్చి, ఏమీ తేడా చెయ్యకపోతే మిగతావాళ్ళకి వదులుతారు. వీడికి ఆగే ఓపిక లేక, స్నేహితుడు ఏపీకే ఫైలు (స్టోర్‌తో పనిలేకుండా నేరుగా ఎక్కించుకునే యాప్ ఫైలు) పంపిస్తానన్నాడని మొదలుపెట్టాడు. వద్దన్నాను. మా అక్క కొడుకు రోజులు నేను చూశాను. 2020 సెప్టెంబర్‌లో పబ్జీని మరో 117 యాప్‌లతో కలిపి నిషేధించారు, 2021 జులైలో బీజీఎంఐ వచ్చింది, ఏడాది దాటగానే 2022 జులైలో అదీ స్టోర్లలోంచి మాయమై, 2023 మేలో గానీ తిరిగి రాలేదు. ఆ మధ్యకాలమంతా వాడు ఎవరో పంపిన ఫైళ్ళు ఎక్కించుకోవడం, ఫోన్ నిండా యాడ్లు రావడం, అక్క తిట్టడం. ఇప్పుడైతే చలాన్ అనీ పీఎం కిసాన్ అనీ వాట్సాప్‌లో ఏపీకేలు పంపి బ్యాంకు ఖాతాలే ఊడ్చేస్తున్నారు. ఆట అప్‌డేట్ ఎంత ఆలస్యమైనా స్టోర్‌లోంచే రావాలి. మావాడు గునుస్తూ వెళ్ళాడు.

సాయంత్రం అమ్మ పిన్నికి ఫోన్ చేసింది. అనుకున్నట్టే అక్కడా ఆగిపోయింది. స్పీకర్‌లో పెట్టి నేను చెప్పబోతే, "ఉండవే, నేను జెప్త" అని అమ్మే అందుకుంది. "పైన గుండ్రంగా ఉంటది జూడు. గుండ్రంగా. అది గాదే, అది కెమెరా. ఎన్నిసార్లు జెప్పాలె నీకు?" మావాడు నా వైపు చూసి నవ్వాడు. నేను కూరగాయలు తరగడానికి వెళ్ళిపోయాను.

పిన్నికి కూడా స్థలం చాలదనే వచ్చిందట. ఆవిడది 16 జీబీ ఫోను. ఆ సంగతి వచ్చేవారం ఆవిడ మనవడు హాస్టల్ నుంచి వచ్చాక చూస్తాడు. అప్పటిదాకా పిన్ని బదులు ఆటలో ఉండే కంప్యూటర్‌తోనే ఆడుకుంటానని అమ్మ మొదలుపెట్టింది, రెండాటలు ఓడింది.