పాలీ పెవిలియన్‌లో తలెత్తి చూస్తే
మా చెల్లి కొడుకు లాస్ ఏంజెలిస్‌లో, యూసీఎల్‌ఏలో చదువుతున్నాడు. నిన్న నన్ను అక్కడి బాస్కెట్‌బాల్ స్టేడియం పాలీ పెవిలియన్‌కి లాక్కెళ్ళాడు. బాస్కెట్‌బాల్‌తో నా పరిచయం అంతంతమాత్రమే. పైన వేలాడే జెండాలు ఏదో వేడుక కోసం కట్టారనుకున్నా. "కాదు పెద్దమ్మా, అవి మా కాలేజీ గెల్చిన జాతీయ టైటిళ్ళు" అన్నాడు. మగపిల్లల బాస్కెట్‌బాల్‌వే పదకొండట! తర్వాత కెంటకీ యూనివర్సిటీకి ఎనిమిది, కనెటికట్‌కి 2024తో ఆరు.

ఆ పదకొండులో పది, 1964 నుంచి 1975 లోపు జాన్ వుడెన్ అనే ఒక్క కోచ్ తెచ్చినవే. 1967 నుంచి 73 దాకా అయితే వరసగా ఏడు. ఏడు!

కానీ నాకు నచ్చింది వేరే. సీజన్ మొదట్లోనే ఆయన కుర్రాళ్ళకి సాక్సులు తొడుక్కోవడం నేర్పేవాడట. ముడత పడితే బొబ్బ, బొబ్బ లేస్తే ఆట గోవిందా. తర్వాత పెద్ద స్టార్ అయిన ఏడడుగుల కరీం అబ్దుల్ జబ్బార్ (అప్పటికింకా పేరు లూ ఆల్సిండర్) బుద్ధిగా కూర్చుని మడమ దగ్గర ముడత సర్దుకోవడం ఊహించుకుంటే నవ్వాగలేదు.

"మరి ఈమధ్య?" అన్నా. "1995లో ఒకటి" అని వాడు మాట మార్చేశాడు.

ఇంటికొచ్చి షూ విప్పితే నా మడమకే బొబ్బ.