ఫుషిమిలో సాకే రుచి

బియ్యంతో చేసే జపాన్ మద్యం సాకే. దాన్ని ఎలా చేస్తారో చూడాలనుకునేవారు క్యోటో దక్షిణాన ఉన్న ఫుషిమికి తప్పకుండా వెళ్లాలి. అక్కడి భూగర్భజలం మెత్తనిది, సాకే కూడా అంతే మృదువుగా ఉంటుంది.

మా గైడ్ ముందుగా అరచేతిలో బియ్యం పోసింది. దాయ్‌గింజో అనే సాకే రకానికి గింజను సగానికి, ఒక్కోసారి అంతకంటే తక్కువకు అరగదీస్తారు. మిగిలేవి ముత్యాల్లాంటి గుండ్రని గింజలే. ఆవిరిపై ఉడికించిన ఆ అన్నం మీద కోజి అనే బూజు చల్లి, వెచ్చని గదిలో దాదాపు రెండు రోజులు ఉంచుతారు. నాట్టో (పులియబెట్టిన సోయా గింజలు) తిని రావద్దని ముందే చెప్పారు. అందులోని బ్యాక్టీరియా కోజిని పాడుచేస్తుందట.

నన్ను ముగ్ధుణ్ని చేసింది పులియబెట్టే తొట్టి. వైన్ చేసే ద్రాక్షలో తీపి ముందే ఉంటుంది, బియ్యంలో ఉండదు. కోజి బియ్యంలోని పిండిపదార్థాన్ని చక్కెరగా మారుస్తుంటే, అదే తొట్టిలో, అదే సమయంలో ఈస్టు ఆ చక్కెరను ఆల్కహాలు చేస్తుంది. గాజు కిటికీలోంచి ఆ నురగను ఎంతసేపు చూశానో!

రుచి చూసే తెల్లని గిన్నె అడుగున రెండు నీలి వలయాలుంటాయి. తెలుపు మీద రంగు, నీలం మీద తేటదనం తెలుస్తాయి. చల్లని దాయ్‌గింజోలో పండ్ల పరిమళం గొప్పగా ఉంది. అయినా విడిగా ఆల్కహాలు కలపని జున్‌మాయ్ రకానికే, అదీ గోరువెచ్చగా ఉన్నప్పుడే, నా ఓటు. అన్నం రుచి నిండుగా తెలిసింది అందులోనే.