చిక్కావే, ఇప్పుడు బాగున్నావ్!

గాల్‌బ్లాడర్ (లివర్ కింద పైత్యరసం నిలవుండే సంచి) ఆపరేషన్ అయ్యి ఏడు నెలలైంది, ఇప్పటికి రాయాలనిపించింది. దానికి ముందు పది వారాల్లో 19 కిలోలు తగ్గా నేను. పొద్దున ఏమీ లేదు, మధ్యాహ్నం అరకప్పు, నూనె చుక్క తగలనిచ్చేదాన్ని కాదు. జుట్టు గుప్పెళ్ళతో ఊడుతున్నా ఎవరికీ కనబడలా, అందరూ "చిక్కావే, ఇప్పుడు బాగున్నావ్" అనేవాళ్ళే. ఆ మాట కోసం ఇంకో పూట మానేసేదాన్ని.

ఆ రోజు ఆకలికి ఆగలేక కడుపునిండా తినేశా. రాత్రి రెండింటికి కుడి డొక్క కింద నొప్పి మొదలైంది, వీపులోంచి కుడి భుజం దాకా పాకింది, పడుకోలేను కూర్చోలేను. బాత్రూంలో వాంతి చేసుకుని అక్కడే ఒరిగిపోతే చెంపకి చల్లగా ఏదో తగిలింది, చూస్తే వెయింగ్ మెషీన్. నా తల బరువు చూపిస్తోంది, 4.2. అంత నొప్పిలోనూ మొత్తం ఎంతున్నానో చూసుకుందామా అనిపించింది, అదీ నా పిచ్చి.

క్యాజువాలిటీలో డ్యూటీ డాక్టర్ పొట్ట మీద చెయ్యి కూడా వెయ్యలా. "గ్యాసేనమ్మా, లావు తగ్గండి, అన్నీ అవే పోతాయ్" అని ఇంజెక్షన్ ఇప్పించి పంపేశాడు. 19 కిలోలు తగ్గొచ్చినదాన్నండీ! నోరు రాలా, తలొంచుకుని వచ్చేశా. తల్చుకుంటే ఇప్పటికీ ఒళ్ళు మండుద్ది, ఆయన మీదా నా మీదా.

రెండ్రోజులకి చలిజ్వరం, కళ్ళు పచ్చబడ్డాయ్. వేరేచోట స్కాన్ తీస్తే గాల్‌బ్లాడర్ నిండా రాళ్ళు, ఒకటి జారి పైత్యరసం పోయే పైపులో అడ్డం పడింది. ముందు ఆ రాయి, తర్వాత గాల్‌బ్లాడరే తీసేశారు. అక్కడి సర్జన్ మేడమ్ బరువెంత అనలా, ఈ రెండు నెలలు ఏం తిన్నారు అని అడిగింది, నాకు ఏడుపొచ్చేసింది. మరీ వేగంగా తగ్గితే లివర్ పైత్యరసంలోకి కొలెస్ట్రాల్ ఎక్కువ వదుల్తుందట, కొవ్వు బొత్తిగా తినకపోతే గాల్‌బ్లాడర్ సరిగ్గా ఖాళీ అవదట, నిలవున్న రసమే రాళ్ళు కడుతుందట. లావున్నా రాళ్ళొస్తాయ్, కానీ వారానికి కిలోన్నర దాటి తగ్గితే రిస్క్ ఇంకా పెరుగుద్దంది. ఆవిడ చల్లగా ఉండాలి.

11 కిలోలు తిరిగొచ్చాయ్, రానీ. అలాగని ఒళ్ళు గాలికొదిలేయలేదు, రోజూ అరగంట చొప్పున వారానికి ఐదు రోజులు నడుస్తున్నా, వేళకి తింటున్నా, షుగరూ బీపీ చూపించుకుంటున్నా. మీకెవరికైనా కుడిపక్క నొప్పితో పాటు జ్వరం, పచ్చకళ్ళు ఉంటే గ్యాస్ అంటే ఊరుకోకండి, వెంటనే వెళ్ళి స్కాన్ అడగండి.

మొన్న అత్తయ్య "మళ్ళీ ఒళ్ళు చేశావే" అంది. అవునత్తయ్యా అని నవ్వేశా. గుచ్చుకోలేదంటే అబద్ధం, రాత్రి మెషీన్ కోసం అలమరంతా వెతికా, మా ఆయన ఎక్కడ దాచాడో ఎంతడిగినా చెప్పలా.