అప్పీలు కొట్టేస్తే పిటిషన్ల గతేమిటి: సివిల్ పేపర్లో నేను తడబడిన చోటు

జూనియర్ సివిల్ జడ్జి పరీక్షకు శ్రీకాకుళంలో మేం నలుగురం జూనియర్ లాయర్లం ఆదివారాలు కూర్చుని ప్రశ్నలు రాసేవాళ్లం. పేపర్లు దిద్దేది మా సీనియర్ మేడమ్. ఒక వారం నాకొచ్చిన ప్రశ్న: సివిల్ అప్పీలు డిస్మిస్ అయితే పెండింగ్ పిటిషన్లు ఏమవుతాయి? 'అప్పీలుతోపాటే క్లోజ్ అవుతాయి' అని రెండు లైన్లలో ముగించాను. మన హైకోర్టు తీర్పుల చివర ఎప్పుడూ చూసే మాట అదే కదా అనుకున్నాను. పదికి రెండు వేశారు. 'ఏ పిటిషన్? అప్పీలు ఎలా పోయింది? ఈ రెండూ చూడకుండా జవాబెలా రాస్తావమ్మా?' అన్నారు. ఆ రెండు ప్రశ్నలే నా ప్రిపరేషన్‌ని మార్చాయి.

స్టే సంగతి తేలిక. సివిల్ ప్రొసీజర్ కోడ్ (సీపీసీ)లో అప్పీళ్ల గురించి చెప్పే ఆర్డర్ 41 రూల్ 5 కింద ఇచ్చిన స్టే అప్పీలు నడిచినంత కాలమే. అప్పీలు పోతే స్టే పోయినట్టే, డిక్రీ (కోర్టు తేల్చిన హక్కు) వచ్చినవాళ్లు దాన్ని అమలు చేయించే ఈపీ (ఎగ్జిక్యూషన్ పిటిషన్) నడుపుకోవచ్చు.

అదనపు సాక్ష్యం కోసం అదే ఆర్డర్ రూల్ 27 కింద వేసిన ఐఏ (మధ్యంతర దరఖాస్తు) అలా కాదు. దాన్ని అప్పీలు వాదనలతోపాటే విని తేల్చాలని 2012లో ఇబ్రహీం ఉద్దీన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఐఏని పట్టించుకోకుండా అప్పీలు తేల్చేస్తే ఆ తీర్పు నిలవకపోవచ్చు. జతీందర్ సింగ్ వర్సెస్ మెహర్ సింగ్ కేసులో సరిగ్గా అందుకే హైకోర్టు తీర్పును పక్కన పెట్టారు. 'మిగతా పిటిషన్లు క్లోజ్' అనే ఒక్క వాక్యం ఇక్కడ చాలదు.

క్రాస్ అబ్జెక్షన్స్, అంటే అవతలివాళ్ల అప్పీలులోనే ఇవతలివాళ్లు డిక్రీ మీద వేసే అభ్యంతరాల దగ్గర మరీ జాగ్రత్త. పది లక్షల దావాలో ఆరు లక్షలకు డిక్రీ అయిందనుకోండి. ప్రతివాది అప్పీలుకెళ్తాడు, మిగతా నాలుగు లక్షల కోసం వాది క్రాస్ అబ్జెక్షన్స్ వేస్తాడు. ప్రతివాది అప్పీలు వెనక్కి తీసుకున్నా, వాయిదాకు రాక అది డిఫాల్ట్‌లో పోయినా, వాది నాలుగు లక్షల గొడవ బతికే ఉంటుంది. రూల్ 22(4) అదే చెబుతుంది. నాకు బాగా నచ్చిన నిబంధన ఇది. అవతలివాడు ఆట వదిలేశాడని ఇవతలివాడి హక్కు పోకూడదు కదా.

ఇక డిఫాల్ట్. అప్పీలుదారు రాకపోతే రూల్ 17 కింద డిస్మిస్ చేయొచ్చు గానీ, మెరిట్స్ మీద, అంటే కేసు బలాబలాలు తేల్చి కొట్టేయకూడదు. ఆ మాట రూల్ కింద వివరణలో ఉంది, 1976 సవరణతో వచ్చింది. మళ్లీ తెరిపించుకోడానికి రూల్ 19, గడువు 30 రోజులు, లిమిటేషన్ చట్టం 122వ ఆర్టికల్. తెరుచుకున్నాక పాత మధ్యంతర ఉత్తర్వులు తిరిగి లేస్తాయా? దావాల విషయంలో లేస్తాయనే 2004లో వరీద్ జాకబ్ కేసులో మెజారిటీ చెప్పింది, కోర్టు వేరేలా అనకపోతే. తీర్పుకు ముందు జప్తు మాత్రం దానంతటది లేవదు. ఆర్డర్ 38 రూల్ 11ఎ చూడండి.

ఇంకొకటి, చాలామంది వదిలేసేది. ఆర్డర్ 41 రూల్ 11 కింద అప్పీలు మొదట్లోనే పోయాక డిక్రీలో సర్వే నంబరు తప్పు కనబడితే ఏ కోర్టుకెళ్లాలి? కింది కోర్టే దిద్దొచ్చు, సీపీసీ సెక్షన్ 153ఎ ఆ అధికారమిస్తోంది. నేను ఇవన్నీ బేర్ యాక్ట్ (వ్యాఖ్యానం లేని చట్టం పుస్తకం) మార్జిన్లో పెన్సిల్‌తో రాసుకున్నాను. కోర్టులో కాల్‌వర్క్ (కేసులు వరసగా పిలవడం) జరుగుతుంటే, అప్పీలు డిస్మిస్ అయిన ప్రతిసారీ ఆ పేజీ తీసి ఏ రూల్ కింద పోయిందో సరిచూసుకుంటాను.